అరుదైన ఆంగ్లపదములను ఎట్లు నేర్వవలెను?

మన విద్యార్థులలో నొక యుత్సాహము కానవచ్చుచున్నది. లోకములో సాధారణముగా నెవ్వరును వాడని ఆంగ్లపదములను ఏఱి, పుస్తకములలో వ్రాసికొని, కంఠస్థము చేసి, వ్యాసములందును ఉపన్యాసపు పోటీలందును గుప్పించుట గొప్ప పాండిత్యమని వారు తలంచుచున్నారు. తల్లిదండ్రులును ఇంటికి వచ్చిన చుట్టముల యెదుట బిడ్డచేత నొక పెద్దమాట పలికించి సంతసించుచున్నారు. ఈ యుత్సాహము చెడ్డదని మేమనము. క్రొత్తమాటపై మక్కువ లేనివానికి చదువుపై మక్కువ కలుగుట దుర్లభము. అయితే ఈ యుత్సాహము వెంబడి మఱియొకటియు బయలుదేరినది. అది పరిహాసము. పుస్తకములో చూచి నేర్చిన మాటను ఒక బాలుడు తరగతిలో తప్పుగా పలికెనా, తోటివారు గొల్లుమని నవ్వుదురు. ఆ దినము మొదలుకొని ఆ బాలుడు నోరు విప్పడు. పెద్దమాటను మాత్రమే కాదు, చిన్నమాటను పలుకుటకును జంకును. ప్రశ్నకు సమాధానము తెలిసియు తల వంచుకొని కూర్చుండును. ఇది చిన్న నష్టము కాదు.

అర్థ మెఱుగని ఆడంబరమును, తప్పుపలుకుపై పరిహాసమును ఒక్క తల్లి బిడ్డలని మా యభిప్రాయము. ఆ తల్లి పేరు అజ్ఞానము. మాట యెచ్చట పుట్టినదో, ఏ త్రోవను వచ్చినదో, అట్లేల పలుకబడుచున్నదో ఎఱిగినవాడు దానిని నగవలె ధరించి తిరుగడు. మఱియొకడు దానిని తప్పుగా పలికినప్పుడు నవ్వనునవ్వడు. ఈ సంగతిని కొన్ని యుదాహరణములతో నిరూపింప యత్నింతుము.

ఆంగ్లములోని కఠినపదములు మనకు మాత్రమే కఠినములనియు, ఆంగ్లేయులకు అవి ఉగ్గుపాలతో అబ్బుననియు అనేకులు నమ్ముచున్నారు. చరిత్ర అట్లు చెప్పుట లేదు. 16వ శతాబ్దమున ఇంగ్లండులోని పండితులు లాటిను, గ్రీకు భాషలనుండి పదములను వేలకొలదిగా తెచ్చి తమ భాషలో చేర్చిరి. అది గిట్టనివారు ఆ మాటలకు ‘ఇంక్‌హార్ను పదములు’ అని పేరిడిరి. ఇంక్‌హార్ను అనగా సిరా పోసి యుంచుకొను కొమ్ముబుడ్డి. జనుల నోట పుట్టక సిరాబుడ్డిలో పుట్టిన మాటలని ఎత్తిపొడుపు. 1553లో థామస్ విల్సన్ అను నతడు వాగ్విద్యపై వ్రాసిన గ్రంథములో అట్టి మాటలతో కూర్చిన ఉత్తరము నొకదానిని చూపి వానిని నవ్వులపాలు చేసెను. షేక్స్పియరు మహాకవి తన ‘లవ్స్ లేబర్స్ లాస్ట్’ నాటకములో 27 అక్షరముల లాటినుమాట నొకదానిని విదూషకప్రాయుడగు పాత్రచేత పలికించెను. ‘హానరిఫికాబిలిట్యూడినిటాటిబస్’ అనునది ఆ మాట. పండితమ్మన్యులను పరిహసించుటకే ఆ కవి దానిని తెచ్చెను గాని ప్రేక్షకులకు నేర్పుటకు గాదు.

1604లో రాబర్టు కాడ్రీ అను నుపాధ్యాయుడు ఒక చిన్న నిఘంటువును ప్రకటించెను. ఆంగ్లపదములకు ఆంగ్లములోనే అర్థము చెప్పిన నిఘంటువులలో అది మొదటిదని పండితులు చెప్పుదురు. అందు రమారమి 2,500 పదములున్నవి. అవి యన్నియు కఠినపదములే. కుక్క, పిల్లి, ఇల్లు, వాకిలి వంటి మాటలకు అందు చోటు లేదు. అనగా ఆంగ్లేయులకు తొలినిఘంటువు కావలసివచ్చినది తమ భాషలో తమకే తెలియని మాటల కొఱకు. ఇది మన విద్యార్థులకు ధైర్యము నొసగవలసిన విషయము.

ఇక అర్థము చెప్పుట యన్ననో, అదియు సులభము కాదు. 1755లో శామ్యూల్ జాన్సన్ పండితుడు రెండు సంపుటములుగా ప్రకటించిన నిఘంటువులో 40 వేలకు పైగా పదములున్నవి. అది మహాగ్రంథము. అయినను వలవలె అల్లిన పనిని తెలుపు ‘నెట్‌వర్క్’ అను తేలికమాటను విప్పుటకు ఆయన ‘రెటిక్యులేటెడ్’, ‘డెకస్సేటెడ్’ అను మాటలను వాడెను. అర్థము చూడబోయినవాడు ఆ యర్థమునకే మఱల అర్థము వెదకికొనవలసిన వాడయ్యెను. మన విద్యార్థులు చేయుచున్నదియు ఇట్టిదే. ఒక తెలియని మాటకు ఎదురుగా మఱియొక తెలియని మాటను వ్రాసికొని, రెండింటిని వల్లించి, అర్థము వచ్చినదని తలంతురు. నిర్వచన మనగా తెలియనిదానిని తెలిసినదానిచేత విప్పుట. చదివినవాని కన్నులకు ఒక వస్తువో, ఒక చేష్టయో, ఒక గుణమో కట్టినప్పుడే అది నిర్వచనము. లేనిచో అక్షరముల పట్టిక.

ఇప్పుడు ఉచ్చారణమునకు వత్తము. తెలుగు బాలుడు అక్షరమును నమ్మును. నమ్ముటకు తగిన కారణమున్నది. ‘క’ అని వ్రాసిన చోటనెల్ల క అనియే పలుకుట అతనికి ఓనమాలనాడే అలవడినది. ఆంగ్లమునం దా నమ్మకము వానిని మోసగించును. ఏలయన, 1476లో విలియం కాక్‌స్టన్ ఇంగ్లండున మొదటి ముద్రాయంత్రమును నెలకొల్పిన తరువాత క్రమక్రమముగా వ్రాత స్థిరపడినది. పలుకు మాత్రము నిలువక మాఱుచు వచ్చినది. యోధుని తెలుపు ‘నైట్’ అను మాట మొదట నున్న కె అక్షరమును, నడుమనున్న జి, హెచ్ అక్షరములును ఒకప్పుడు నిజముగా పలుకబడినవే. పలుకు పోయినది, వ్రాత మిగిలినది. ఊరు ఎత్తిపోయిన తరువాత బురుజు మిగిలినట్లు ఆ యక్షరములు నిలిచియున్నవి.

కొన్ని యక్షరములు ఎన్నడును పలుకబడలేదు. అప్పు అను నర్థము గల ‘డెట్’ అను మాట ఫ్రెంచిభాషనుండి బి అక్షరము లేకయే వచ్చినది. దానికి మూలమగు లాటినుపదములో బి యున్నదని తరువాతి పండితులు దానిని వ్రాతలో చొప్పించిరి. జనులు దానిని పలుకలేదు. సందేహమును తెలుపు ‘డౌట్’ అను మాటలోని బియు ఇట్టిదే. ద్వీపమను నర్థము గల ‘ఐలండ్’ అను మాటలోని ఎస్ అక్షరమునకు ఆ మాటపై హక్కే లేదు. వేఱొక మాటతోడి పోలికను బట్టి దానిని చేర్చిరి. సైన్యములోని యొక పదవిని తెలుపు మాటను మనవారు కల్నల్ అందురు. ఆంగ్లేయులు కర్నల్ అందురు. ఇటలీభాషలో ఎల్ తోడనున్న ఆ మాట ఫ్రెంచిలో ఆర్ తోడను పలుకబడెను. ఆంగ్లేయులు ఒకదానినుండి పలుకును, ఒకదానినుండి వ్రాతను నిలుపుకొనిరి. ఆహారపదార్థములను తెలుపు ‘విటుల్స్’ అను మాటను వ్రాతను బట్టి చదివినచో ‘విక్చువల్స్’ అగును. రేవులో ఓడలు నిలుచు కట్టకు ‘కీ’ అని పేరు. వ్రాతలో క్యు, యు, ఏ, వై అను నాలుగక్షరములు. ఓడలో పనివారిపై పెత్తనము చేయువాడు వ్రాతలో ‘బోట్‌స్వెయిన్’, నోట ‘బోసన్’. ఇట్టి మాటలను పుస్తకములో మాత్రమే చూచినవాడు సరిగా పలుకుట యెట్లు?

నావికుల నోట మాట యరిగినదని నవ్వుకొనుటకు మనకును వీలులేదు. మనము ‘వచ్చుచున్నాడు’ అని వ్రాసి ‘వస్తున్నాడు’ అని పలుకుటలేదా? అంతేకాదు. ఆంగ్లములో ఒక్క యక్షరమునకు పలు ధ్వనులుండుట వింతయని మనము చెప్పుకొందుము గాని, మన ‘చ’ కారమును గమనింపుడు. ‘చాప’, ‘చుట్టము’ అను తెలుగుమాటలలో నది దంత్యము, అనగా నాలుక పండ్లను తాకి పలుకునది. ‘చంద్రుడు’, ‘చరిత్ర’ అను సంస్కృతసమములలో తాలవ్యము. అక్షరమొక్కటే. మాట యే యింటినుండి వచ్చినదో దానిని బట్టి ధ్వని మాఱినది. తెలుగుబిడ్డకు ఈ భేదము నెవ్వరును నేర్పనక్కఱలేదు, చెవియే నేర్పినది.

ఆంగ్లమునందును ఈ సూత్రమే పనిచేయుచున్నది. సి, హెచ్ అను రెండక్షరములు జంటగా వచ్చినప్పుడు, అచ్చపు ఆంగ్లమాటయైనచో ‘చ’ యగును: చైల్డ్, చీజ్. గ్రీకుమాటయైనచో ‘క’ యగును: కోరస్, కేరక్టర్. ఇటీవలి ఫ్రెంచిమాటయైనచో ‘ష’ యగును: షెఫ్, మెషీన్. అట్లే మాట చివరనున్న ఇ యక్షరము ఆంగ్లమాటలలో సాధారణముగా పలుకబడదు. గ్రీకునుండి వచ్చిన పెక్కుమాటలలో పలుకబడును. కావుననే సారసంగ్రహమను నర్థము గల మాట ‘ఎపిటోమ్’ కాదు, ‘ఎపిటమీ’. అతిశయోక్తిని తెలుపు మాట ‘హైపర్‌బోల్’ కాదు, ‘హైపర్‌బలీ’. భాగమును చెప్పి పూర్ణమును సూచించు అలంకారము ‘సినెక్‌డకీ’. గ్రీకుమాట మొదట పి యక్షరము వెంట ఎస్ గాని ఎన్ గాని వచ్చినచో ఆ పి మౌనము వహించును. సైకాలజీ, న్యుమోనియా అనునవి సాక్షులు. జ్ఞాపకమునకు సాధనమగు సూత్రమును ‘నిమానిక్’ అందురు. దాని మొదటి ఎమ్ అక్షరము వ్రాతకే పరిమితము. చూచితిరా! మాట పుట్టుక తెలిసినచో పలుకు సగము తెలిసినట్లే. నూఱు మాటలను విడివిడిగా వల్లించుటకంటె నాలుగు సూత్రములను గ్రహించుట మేలు.

ఇంకొక చిక్కు ఊనికను గుఱించినది. తెలుగున లఘుగురువుల భేదము గలదు గాని, ఒక అక్షరముపై బలము మోపుటచేత మాట యర్థము మాఱదు. ఆంగ్లమున మాఱును. ‘రికార్డు’ అను వ్రాతనే తీసికొనుడు. మొదటి భాగమును ఊది పలికినచో అది నామవాచకము. రెండవ భాగమును ఊది పలికినచో వ్రాసి యుంచుట యను క్రియ. ‘ఫోటోగ్రాఫ్’ అనునప్పుడు ఊనిక మొదటి భాగముపై. ‘ఫొటాగ్రఫీ’ అనునప్పుడు రెండవదానిపై. ‘ఫోటోగ్రాఫిక్’ అనునప్పుడు మూడవదానిపై నుండును. మనవారు అక్షరముల నన్నిటిని సమానముగా పలుకుటచేతనే ఆంగ్లేయునికి మన మాట యొక్కొకప్పుడు అందదు. 1791లో జాన్ వాకరును, 1917లో డేనియల్ జోన్సును ప్రత్యేకముగా ఉచ్చారణనిఘంటువులను ప్రకటించుటయే ఆంగ్లేయులకును ఈ యక్కఱ యుండెనని తెలుపుచున్నది.

ఆంగ్లమాతృభాష గలవారును పుస్తకమునుండి నేర్చిన మాటలను తప్పుగానే పలుకుదురు. దీనికి పేరెన్నికగన్న యుదాహరణ మొకటి గలదు. త్రోవ తప్పింపబడెనను నర్థము గల ‘మిస్‌లెడ్’ అను మాటను వ్రాతలో చూచి ‘మైజిల్డ్’ అని ఏండ్లకొలది మనసులో చదువుకొన్న ఆంగ్లేయు లనేకులు గలరు. వారికి అర్థము తెలియును; వాక్యము తెలియును; ధ్వని మాత్రము తెలియదు. దీనినిబట్టి యేమి తేలుచున్నది? మాటను తప్పుగా పలికిన బాలుడు ఆ మాటను ఎవ్వరి నోటను వినలేదు. తానై గ్రంథమును తెఱచి చదివెను. అతని తప్పు చదువునకు గురుతు. నవ్విన బాలుడు బహుశః ఆ పుస్తకమును తెఱచియుండడు. ఇంట ఆంగ్లము వినబడని బిడ్డకు పుస్తకమే గురువు, పుస్తకమే చుట్టము. పుస్తకము మాట నిచ్చును గాని ధ్వని నియ్యదు. ఆ లోపమును బిడ్డపై మోపుట న్యాయమా?

మఱియు, ఆంగ్లేయులు మన మాటల నెట్లు పలికిరో తలంచుకొనుడు. పొలములను త్రవ్వి పాడుచేయు మన పందికొక్కు వారి నోట ‘బ్యాండికూట్’ అయ్యెను. వారి నిఘంటువులే ఆ మాట తెలుగునుండి వచ్చినదని ఒప్పుకొనుచున్నవి. ఆ పేరే పిదప ఆస్ట్రేలియాలో కడుపున సంచి గల వేఱొక జంతువునకు పెట్టబడినది. పూరీ జగన్నాథుని పేరు ‘జగర్నాట్’ అయి, అడ్డమైనదానినెల్ల నలగద్రొక్కు మహాశక్తి యను నర్థమున నిలిచినది. వారు రాజమహేంద్రవరమును రాజమండ్రి యనియు, మచిలీపట్టణమును మసూలిపటమనియు, కాకినాడను కోకనాడ యనియు వ్రాసిరి. 1886లో యూల్, బర్నెల్ అను వారిద్దఱు ఇట్టి హిందూదేశపు మాటలను కూర్చి పెద్ద నిఘంటువు ప్రకటించి దానికి ‘హాబ్సన్-జాబ్సన్’ అని పేరిడిరి. ఆ పేరే మొహరము ఊరేగింపులలో హసన్, హుసేన్ అను పిలుపులను ఆంగ్లసైనికులు విన్న విధమునకు గుఱుతు. ఈ తప్పులకై వారి నెవ్వరును తరగతిలో నిలువబెట్టి నవ్వలేదు. తప్పుపలుకులే నిఘంటువుల కెక్కినవి. నోరు తిరుగని మాటను తన నోటికి తగినట్లు పలుకుట మనుష్యస్వభావము. అది యే జాతికిని అవమానము కాదు.

అట్లయిన సరియైన ఉచ్చారణమును నేర్వనక్కఱలేదా యని కొందఱు అడుగవచ్చును. నేర్వవలసినదే. మాట వినువాని కొఱకు గదా! వినువానికి అందని మాట గుఱి తప్పిన బాణము. వైద్యుని యొద్ద, న్యాయస్థానమున, ఉద్యోగమునకై ప్రశ్నించువారి యెదుట తప్పుపలుకు కీడు కలిగింపవచ్చును. మేము చెప్పునదేమనగా, దిద్దుట వేఱు, నవ్వుట వేఱు. దిద్దిన నోరు మఱల పలుకును. నవ్వులపాలైన నోరు మూతపడును. ఉపాధ్యాయులు ‘ఈ మాట వ్రాతలో ఇట్లున్నది గాని నోట ఇట్లుండును, కారణ మిది’ యని చెప్పినచో తరగతికంతటికి పాఠమగును. ఆ బాలుని తప్పు నలువదిమందికి మేలగును.

ఇక ఏ మాటలు నేర్వదగినవి? దీనికి మా యొఱ యొక్కటే. ఆ మాట చేయు పనిని సులభమైన మాట చేయగలదా? చేయగలిగినచో పెద్దమాట యక్కఱలేదు. ‘సెస్క్విపిడేలియన్’ అను మాట గలదు. లాటినుభాషలో దానికి ఒకటిన్నర అడుగుల పొడవు గలది యని యర్థము. హొరేసు అను రోమనుకవి దీర్ఘపదములను ఆ మాటతో ఎగతాళి చేసెను. ఒకటిన్నర అడుగనగా మన మూరయే గదా! ‘మూరెడు మాట’ యని మనము తేటగా చెప్పవచ్చును. ‘ఫ్లాక్సినాసినిహిలిపిలిఫికేషన్’ అను 29 అక్షరముల మాటను పలికి విద్యార్థులు గర్వించుచుందురు. విలువలేనివను నర్థమిచ్చు నాలుగు లాటినుమాటలను కుట్టగా అది యేర్పడినది. దేనినైనను విలువలేనిదానిగా ఎంచుట దాని భావము. మన ‘తృణీకరణము’ అదే పనిని ఆఱక్షరములలో చేయుచున్నది. గడ్డిపోచను కన్నులకు కట్టించుచున్నది. కడుపులోని గుడగుడను వైద్యులు ‘బార్బరిగ్మస్’ అందురు. వైద్యునికి అది కావలసినదే. పాఠశాలావ్యాసమునం దెందులకు?

అయితే కొన్ని యరుదైన మాటలు నిజముగా లోటు తీర్చుచున్నవి. ఎండిన నేలపై తొలకరి చినుకులు పడగా లేచు వాసనకు ఆంగ్లమున ఒక్క మాట లేకుండెను. 1964లో ఇసబెల్ జాయ్ బేర్, రిచర్డ్ థామస్ అను ఆస్ట్రేలియా శాస్త్రజ్ఞులు ‘నేచర్’ పత్రికలో దానికి ‘పెట్రికార్’ అని పేరిడిరి. గ్రీకున పెట్రా యనగా ఱాయి. ఐకార్ అనగా దేవతల నాళములలో ప్రవహించు ద్రవమని గ్రీకుపురాణములు. మన దేశమున కన్నౌజు నగరములో ఆ వాసననే అత్తరుగా దించుచున్నారు. తెలుగుబాలునికి ఈ మాటయొక్క అర్థమును వల్లింప నక్కఱలేదు; మట్టివాసన యనిన చాలును, వాని ముక్కే చెప్పును. వెదకనిది వెదకనిచోట దొరకు భాగ్యమునకు ‘సెరెన్‌డిపిటీ’ యని పేరు. 1754లో హొరేస్ వాల్‌పోల్ ఒక ఉత్తరములో దీనిని కల్పించెను. సెరెన్‌డిప్ అనునది లంకకు పూర్వనామము.

మఱియొకటి: ‘అల్ట్రాక్రెపిడేరియన్’. తన కెఱుకలేని విషయములో తీర్పు చెప్పువానిని ఇది తెలుపును. అపెల్లీసు అను గ్రీకు చిత్రకారుని పటములో చెప్పు సరిగా లేదని ఒక చెప్పులు కుట్టువాడు చెప్పగా, అతడు సంతసముతో దిద్దెననియు, ఆ ధైర్యముతో వాడు మఱునాడు కాలును గూడ తప్పుపట్టగా, చెప్పును దాటి పోవలదని మందలించెననియు ప్లినీ యను రోమను గ్రంథకర్త వ్రాసియున్నాడు. ఆ కథనుండి పుట్టిన ఈ మాటను విలియం హాజ్‌లిట్ 1819లో ప్రయోగించెను. కథ తెలియక ఈ మాటను వల్లించినవానికి ఏడక్షరముల భారము మాత్రమే దక్కును. కథ తెలిసినవానికి నీతియు దక్కును.

ఆంగ్లపదముల పోటీలలో మిక్కిలి ప్రసిద్ధమైనది అమెరికాలో 1925లో మొదలైన జాతీయ వర్ణక్రమపు పోటీ. దానిలో హిందూదేశపు కుటుంబముల పిల్లలు పెక్కుమాఱులు గెలిచిరి. వారిలో తెలుగువారి బిడ్డలును గలరు. 2019లో ఎనమండ్రు సమానవిజేతలు కాగా ఏడుగురు మన దేశపు మూలము గలవారే. దీనిని విని మన తల్లిదండ్రులు పిల్లలచేత పట్టికలను వల్లింపజేయ నారంభించిరి. కాని ఆ పోటీలో ఏమి జరుగునో గమనింపుడు. మాటను విన్న పిల్లవాడు వెంటనే అక్షరములు చెప్పడు. దాని యర్థమేమని యడుగును; ఏ భాషనుండి వచ్చినదని యడుగును; ఒక వాక్యములో చెప్పుమని కోరును. అడుగుట వానికి హక్కు. మన తరగతులలో ఈ హక్కు పిల్లల కున్నదా? లోపము జ్ఞాపకశక్తిలో లేదు. అడుగు ధైర్యమును మనము పరిహాసముచేత చంపుచున్నాము.

కావున విద్యార్థులారా, మేము సూచించు పద్ధతి యిది. నెలకు పది మాటలకంటె ఎక్కువ నేర్వకుడు. ఒక్కొక్క మాటకు ఒక పుట కేటాయింపుడు. మొదట మాటను, అది కనబడిన వాక్యముతోకూడ వ్రాయుడు. ఆక్సుఫర్డు మహానిఘంటువు పుట్టిన విధమే యిది. 1879లో దాని సంపాదకత్వమును వహించిన జేమ్స్ మఱ్ఱే పాఠశాలోపాధ్యాయుడు. వేలకొలది చదువరులు తాము చదివిన గ్రంథములనుండి మాటలను వాక్యములతో సహా చీటీలపై వ్రాసి యాయనకు పంపిరి. ఆయన బిడ్డలే ఆ చీటీలను వరుసలలో పెట్టిరి. 1884లో మొదటిభాగము వెలువడెను. 1915లో ఆయన మరణించెను. 1928లో గాని గ్రంథము పూర్తికాలేదు. వాక్యము లేని మాటకు ఆ చీటీలలో విలువ లేకుండెను. మీ పుస్తకములోను ఉండరాదు.

రెండవది, ఉచ్చారణమును తెలుగులిపిలో వ్రాసి, ఊనిక గల భాగము క్రింద గీత గీయుడు. మన లిపి కొన్ని ధ్వనులకు చాలదు. వి, డబ్ల్యు అక్షరముల భేదమును చూపలేదు. ఆ కొఱత చెవితో తీర్చుకొనుడు. నేడు నిఘంటువులు పలుకుచున్నవి. చేతిలోని ఫోను మాటను పలికి వినిపించును. పూర్వులకు లేని యీ సౌకర్యమును విడువకుడు. మూడవది, పుట్టిన భాషను వ్రాయుడు. నాలుగవది, అర్థమును ఆంగ్లములోను, సరిపోవు తెలుగుమాటతోను వ్రాయుడు. 1852లో వెలువడిన బ్రౌనుదొరగారి నిఘంటువులో తెలుగుమాటలకు ఆంగ్లార్థములు గలవు. ఒక పరదేశీయుడు మన మాటలకై ఎంత శ్రమించెనో అందు చూడవచ్చును. తెలుగుమాట దొరకనిచో మీరు ఆంగ్లమాటను ఇంకను గ్రహింపలేదని యెంచుడు. ఇవి నాలుగును పూర్తియైన పిదపనే ఆ మాటను మీదిగా భావింపుడు.

తల్లిదండ్రులకు మా విన్నప మొక్కటి. బిడ్డచేత మూరెడు మాటను పలికించి చుట్టములకు చూపకుడు. ఆ మాట కర్థమేమని మీరే బిడ్డ నడుగుడు. మీకు ఆంగ్లము రాకపోయినను అడుగుడు. మీకు తెలియునట్లు తెలుగులో చెప్పగలిగినచో వాడు నేర్చినట్లు.

ఉపాధ్యాయులకును ఒక మాట. తరగతిలో ఒక బిడ్డ తప్పుగా పలికినప్పుడు మొదట వినబడవలసినది నవ్వు కాదు, ‘ఈ మాటను ఎక్కడ చదివితివి నాయనా?’ అను ప్రశ్న. ఆ ప్రశ్నకు బిడ్డ ఒక పుస్తకము పేరు చెప్పును. ఆ పేరును మిగిలినవారు వ్రాసికొందురు గాక.